నీళ్ళ మీద పలకని పేరు

"ఇనుము! ఇనుము పట్టుకోండి!"

ఎల్స్పెట్ పెట్టిన ఆ కేకకి పొయ్యి దగ్గర కునుకుతున్న పిల్లి లేచి తలుపు సందులోంచి ఎటు పోయిందో, ఇప్పటికీ తిరిగి రాలేదంటారు.

కేక పెడుతూనే ఎల్స్పెట్ పటకారు అందుకుంది. ఆమె మొగుడు డేవిట్ ఫ్లెట్, పోర్ట్ ఆర్డన్ రేవులో అందరికన్నా పెద్ద సరంగు, ఒక్క గెంతులో పొయ్యి ఊచలు పట్టుకున్నాడు. చెడ్డ పేరు చెవిన పడితే చల్లటి ఇనుము ముట్టుకోవాలి. ఆయన ముట్టుకున్నది కాలుతున్న ఇనుము. అయినా వదిల్తే ఒట్టు! గెడ్డం కింద దవడలు బిగించి, అరచెయ్యి కమిలేదాకా అలాగే పట్టుకున్నాడు.

కోడలు డొలీనా వంటింటి నడిమధ్య పసివాణ్ణి ఎత్తుకుని నిలబడి ఉంది. ఆమె చేసిన నేరమల్లా తన పుట్టింటి ఇంటిపేరు పైకి అనడం.

"రాస్," అంది మళ్ళీ. "నా రెండోవాడి పేరు రాస్. ఇంకాసేపట్లో చర్చిలో పాస్టరుగారు నీళ్ళు చల్లి పలికేది అదే."

"ఒసే ఒసే, మళ్ళీ అందే!" ఎల్స్పెట్ పటకారుని గుండెలకి హత్తుకుంది. "బాప్తిస్మం కాకముందు బిడ్డ పేరు పైకి అనడమే తప్పు. అందులోనూ ఆ పేరా! అలిక్, నీ పెళ్ళాం నోరు మూయించరా!"

అలిక్ బల్ల దగ్గర కూర్చుని ఉన్నాడు. ఆ ఇంట్లో ఇనుము ముట్టుకోని మగాడు అతనొక్కడే. రెండు చేతులూ మోకాళ్ళ మీద పెట్టుకుని, ఆ చేతులు ఎవరివో అన్నట్టు చూస్తున్నాడు. మొగుడు తన వైపున్నాడని డొలీనా సంబరపడింది.

ఆ రేవులో ఆ పేరు ఎవరూ పలకరు. ఎందుకని అడిగితే ఎవరికీ తెలీదు. తెలిసినట్టు చెప్పేవాళ్ళు మాత్రం గట్టు పొడుగునా ఉన్నారు. అలిక్‌తో పెళ్ళప్పుడు పాస్టరుగారు ఆమె పూర్తి పేరు చదవగానే, మగాళ్ళంతా ఒక్కసారి వంగి బూట్ల అడుగున మేకులు తడుముకున్నారు. ఊరంతా పెళ్ళికూతురికి దండం పెడుతోందని అవతలొడ్డు నుంచి వచ్చిన ఆమె తల్లి తెగ మురిసిపోయింది.

అదే ఆఖరు. అప్పట్నుంచీ డొలీనా పుట్టింటి పేరు ఈ ఒడ్డున వినపడలేదు. అందరికీ ఆమె 'అవతలొడ్డు పిల్ల'.

"నేనేం దొంగపేరు పెట్టమనడం లేదు మావయ్యా," అంది డొలీనా. "మొదటివాడికి మీ పేరు పెట్టాం. చిన్న డేవిట్ అని ఊరంతా పిలుచుకుంటున్నారు. రెండోవాడి పేరు తల్లివైపుది. అది మీ ఊరి ఆచారమే."

"కాదన్నానా?" ముసలాయన ఊచలు వదిలి అరచెయ్యి ఊదుకున్నాడు. "మీ నాన్న పేరు పెట్టు. డొనాల్డ్ అను. ఎవడొద్దన్నాడు?"

"డొనాల్డులు రేవుకి వందమంది. మా ఇంటిపేరు మోయడానికి ఇంక ఒక్కడు లేడు. హ్యూ ఉన్నన్నాళ్ళూ నేనడిగానా? మా తమ్ముడు పోయాడు కాబట్టే అడుగుతున్నా."

తమ్ముడి మాట రాగానే ముగ్గురూ మూడు వైపులకి చూశారు. కిందటి నెల పొగమంచులో హ్యూ పడవ పోయింది. ఒక తెడ్డూ, విరిగిన చెక్కా ఒడ్డుకి కొట్టుకొచ్చాయి. మనిషి రాలేదు.

"చచ్చినవాడి మీద జాలి నాకూ ఉందే," అన్నాడు ముసలాయన. "అలాగని బతికున్నవాళ్ళ నోట్లో మట్టి కొడతావా? ఆ పేరున్న కొడుకు అలిక్‌కి ఉంటే రేపు నా జట్టులో ఒక్కడు అలిక్ పక్కన కూర్చోడు. రేపు వీడు పెద్దాడయ్యాక ఏ పడవ ఎక్కించుకుంటది వీణ్ణి? గట్టు మీద కూర్చుని మా వలలు బాగుచేస్తాడా?"

"మిమ్మల్ని ఊళ్ళో ఏమని పిలుస్తారు మావయ్యా?"

"ఏమనేంటి?"

"బాతు అంటారు. ఊళ్ళో సగంమంది ఫ్లెట్లే కాబట్టి ఇంటికో ఎగతాళి పేరు. పెద్ద బాతు అంటే పలుకుతారు, పిల్ల బాతు అంటే మీ అబ్బాయి పలుకుతాడు. బాతుకి సిగ్గుపడరు, మా ఇంటిపేరుకి మాత్రం పటకార్లు పట్టుకుంటారు!"

ఇంకో రోజైతే ఎల్స్పెట్ నవ్వేది. ఆమె నవ్వితే మూడిళ్ళ అవతల గిన్నెలు మోగేవి. ఇవాళ పెదవి కదల్లేదు.

"ఆ పేరుకి అర్థం తెలుసా మీకు?" డొలీనా గొంతు కాస్త మెత్తబడింది. "గట్టు అని. సముద్రంలోకి ముక్కు పెట్టి నిలబడ్డ నేల. మా ముత్తాతకి ముత్తాత ముక్కు అంత ఉండేదట. గాలివానలో పడవలు దానికి తాళ్ళు కట్టుకునేవట. ఆయన తుమ్మిన రోజు పదూళ్ళ పడవలు నార్వేలో తేలాయని మా నాన్న ఒట్టేసి చెప్పేవాడు."

అలిక్ మూతి చివర ఏదో కదిలింది. మళ్ళీ మాయమైంది.

"కథలకేం గానీ," అంది డొలీనా, "ఆ గట్టు మీద మంట వేసి పడవల్ని ఇంటికి రప్పించినోళ్ళు మావాళ్ళు. తరాల పాటు. మా వైపు ఆ పేరు వింటే ఇల్లు దగ్గరపడిందని అర్థం."

"మా వైపు పడవ బద్దలైందని అర్థం," అన్నాడు ముసలాయన. "గట్టంటే నీకు ఇల్లు. మాకు రాయి. మా నాన్న చెప్పాడు, ఆయన నాన్న ఆయనకి చెప్పాడు. నీళ్ళ మీద ఆ పేరు పలికేది మునిగినోళ్ళే. బతికున్నోడు పలకడు. వినపడిందా, వెనక్కి చూడకుండా పడవ తిప్పుకోవాలి. తిప్పుకున్నాం కాబట్టే మొన్న మంచులోంచి అందరం ఇంటికొచ్చి..."

ఆగిపోయాడు.

ఎల్స్పెట్ చేతిలో పటకారు జారి రాతినేల మీద పడింది. ఎవరూ వంగి తియ్యలేదు.

పొయ్యి మీద నీళ్ళు మరుగుతున్నాయి.

"మొన్న మంచులో," అంది డొలీనా. "ఏ మంచులో మావయ్యా?"

"బిడ్డకి చలేస్తది, శాలువ కప్పు," అంది ఎల్స్పెట్.

"అత్తా, నువ్వాగు. నీళ్ళ మీద ఆ పేరు ఎవరు పలికారు?"

ముసలాయన కిటికీ వైపు తిరిగాడు. ఆయన వీపు ఆ ఇంటి తలుపంత వెడల్పు. ఇప్పుడు అది వంగింది.

"మనిషి గొంతే," అన్నాడు చివరికి. "అదే కదా భయం. మునిగినోడి గొంతు కూడా మనిషి గొంతులాగే ఉంటదని చెప్పారు మాకు."

డొలీనా కుర్చీ కోసం చెయ్యి చాచింది. అందలేదు. నిలబడే ఉంది.

"మా రేవులో మంచు పడితే ఇంటిపేరు పెట్టి కేకేసుకుంటాం," అంది. ఎవరితోనూ కాదు, పసివాడి నెత్తి చూస్తూ. "మీకు తెలీదు. ఎవరూ అడగలేదు కాబట్టి నేనెప్పుడూ చెప్పలేదు. దారి తప్పినోడు ఇంటిపేరు పెట్టి అరుస్తాడు. విన్నవాడు తనది అరుస్తాడు. అలా ఒకళ్ళ గొంతు పట్టుకుని ఒకళ్ళు వస్తారు. వాడు దెయ్యమై పిలవలేదు. దారి అడిగాడు."

"డోలీ..." అన్నాడు అలిక్.

"చాలాసేపు పిలిచాడా?"

అలిక్ మళ్ళీ తన చేతులకేసి చూసుకున్నాడు.

"ఎవరూ చూడలేదన్నారు. ఎవరూ వినలేదన్నారు. ఈ బల్ల దగ్గరే కూర్చోబెట్టి, టీలో చక్కెర ఎక్కువ వేసి తాగించావు అత్తా. నెలలు నిండిన పిల్ల ఏడవకూడదని నా వీపు నిమిరావు. అప్పటికి నీకు తెలుసా?"

ఎల్స్పెట్ నాలుక ఎంత పదునంటే చేపలు కొయ్యడానికి కత్తి అక్కర్లేదని ఊళ్ళో అనేవాళ్ళు. ఆ నాలుక ఆ క్షణాన ఎక్కడా దొరకలేదు. ఆమె అప్రాన్ కొంగు నోట్లో కుక్కుకుంది.

"పడవ తిప్పిందెవరు?"

అలిక్ తలెత్తాడు. పెదవులు విడివడ్డాయి. అతని కన్నా ముందు ముసలాయన ఇటు తిరిగాడు.

"పడవ నాది. మాట నాది. తిట్టుకుంటే నన్ను తిట్టుకో."

సరిగ్గా అప్పుడే చర్చి గంట మోగింది.

ఇంక బాప్తిస్మం ఏముంటుందిలే అనుకున్నారు ముగ్గురూ. డొలీనా పసివాడికి తెల్లటి టోపీ పెట్టి గెడ్డం కింద ముడేసింది. చేతులు వణకలేదు. వణికితే బాగుండునని ఎల్స్పెట్‌కి అనిపించింది.

"పదండి," అంది డొలీనా. "పాస్టరుగారికి బిడ్డని అందించేది తండ్రి. పేరు చెప్పేదీ తండ్రి. నేను నోరెత్తడానికి లేదు. అలిక్, నీ నోట ఆ పేరు రాకపోతే నేను మళ్ళీ ఈ గడప తొక్కను. బిడ్డా తొక్కడు."

"వాడి నోట ఆ పేరు వస్తే," అన్నాడు ముసలాయన, "వాడు నా పడవ తొక్కడు."

అలిక్ కోటు వేసుకున్నాడు. గుండీలు ఒకదాని కాజాలో ఇంకొకటి పెట్టుకున్నాడు. సరిచేసేవాళ్ళు లేరు.

చర్చికి వెళ్ళే దారి నిటారుగా ఉంటుంది. గాలి ఎదురు. చిన్న డేవిట్‌ని పక్కింటి ముసలమ్మ దగ్గర వదిలి, డొలీనా బిడ్డతో ముందు నడిచింది. పక్కన ఎల్స్పెట్ చేతిలో రుమాల్లో కట్టిన రొట్టె, జున్ను. బాప్తిస్మానికి వెళ్తుంటే దారిలో మొదట ఎదురైన మనిషికి అవి ఇవ్వాలి. ఆ మనిషి తీసుకుని, బిడ్డ మొహం చూసి, మంచిమాట ఒకటి అనాలి. తీసుకోనివాణ్ణి ఆ ఊళ్ళో ఎవరూ చూసి ఎరగరు.

మొదట ఎదురైంది ఎర్ర జాక్. ముసలాయన జట్టులోవాడే. మామూలు రోజైతే రొట్టె వాసన వస్తే వలలోంచి లేచి వచ్చే మనిషి. ఒకసారి పందెం కట్టి పెళ్ళివారి కేకు మొత్తం తిని, పళ్ళెం కూడా నాకి, పెళ్ళికొడుకు వాటా ఏదని అడిగాడు.

"జాక్ నాయనా, తీసుకో," ఎల్స్పెట్ రుమాలు చాపింది.

జాక్ రెండు చేతులూ కోటు జేబుల్లో పెట్టుకున్నాడు. కుడి జేబులో చాకు ఉంటుందని అందరికీ తెలుసు. గుడ్డ లోపల పిడికిలి బిగుసుకోవడం కనిపించింది.

"పెద్దమ్మా, పొద్దున నువ్వు అరిచిన అరుపు లైట్‌హౌస్‌లోవాళ్ళకి కూడా వినపడింది," అన్నాడు. "ఏ పేరు పెడతన్నారో ఊరంతా అనుకుంటున్నారు. నాకూ పిల్లలున్నారు." డొలీనా వైపు తిరిగి, "ఏమనుకోకు వదినా," అన్నాడు.

"జాక్," అంది డొలీనా. "ఆ రోజు మంచులో నువ్వూ ఉన్నావు కదా పడవలో."

ఎర్ర జాక్ మొహంలో ఎరుపు ఒక్క చుక్క మిగల్లేదు. టోపీ తీశాడు. ఏదో అనబోయి అలిక్ వైపు చూశాడు. వెంటనే చూపు తిప్పుకుని, టోపీ చేతిలోనే పట్టుకుని, గోడవారగా కిందికి పరిగెత్తినంత పని చేశాడు.

"తీసుకోలేదే!" ఎల్స్పెట్ గొంతు పసిపిల్ల గొంతులా ఉంది. "ఇప్పుడు దీన్నేం చెయ్యాలి? ఇంటికి తీసుకుపోకూడదు. ఇంకొకరికి ఇవ్వకూడదు."

ఆమె రొట్టెని గోడ మీద పెట్టింది. సముద్రపు కాకులు దిగడం చూడలేక వడివడిగా నడిచింది.

చర్చి నిండా జనం. పేరు చెడ్డదైనా వినడానికి మాత్రం ఒక్కరూ మానలేదు. ముసలాయన తన బల్ల చివర కూర్చున్నాడు. కాలిన చెయ్యి రుమాల్లో చుట్టుకుని ఒళ్ళో పెట్టుకున్నాడు. ఆయన వెనక ఆయన జట్టు. ఎర్ర జాక్ కూడా పక్క తలుపులోంచి వచ్చి తల దించుకుని కూర్చున్నాడు.

కీర్తన అయింది. ప్రార్థన అయింది. అలిక్ లేచి పసివాణ్ణి తీసుకున్నాడు. డొలీనా చేతుల్లోంచి అతని చేతుల్లోకి మారేటప్పుడు బిడ్డ కళ్ళు తెరిచి తండ్రిని చూశాడు.

"బిడ్డ పేరు?" అన్నారు పాస్టరుగారు.

అలిక్ నోరు తెరిచాడు. మెడ మీద నరం ఒకటి లేచి కొట్టుకుంది. ముందు వరసలో ఎవరో దగ్గారు. డొలీనా బల్ల అంచు పట్టుకుంది, గోళ్ళు తెల్లబడేలా.

"పేరు, అలిక్?" పాస్టరుగారు మెల్లగా మళ్ళీ అడిగారు.

"రాస్."

పాస్టరుగారి చెవిలో చెప్పాల్సిన మాటని అతను వల లాగేటప్పుడు జట్టుకి అరిచే గొంతుతో అరిచాడు. పైకప్పు దూలాల్లో పావురాలు లేచాయి. పసివాడు ఉలిక్కిపడి ఏడుపందుకున్నాడు.

చర్చిలో మగాళ్ళంతా ఒక్కసారి వంగారు, బూట్ల మేకుల కోసం. ఈసారి దండం పెట్టినట్టు లేదు. తలల మీద ఏదో కూలినట్టుంది.

పాస్టరుగారు నీళ్ళు చల్లారు. ఆయన ఆమెన్ అనేలోపే వెనక బల్లలు కిర్రుమన్నాయి. జట్టు లేచింది. ఒకరి వెనక ఒకరు బయటికి నడిచారు. అందరి తర్వాత ముసలాయన లేచాడు. కొడుకు పక్కనుంచే వెళ్తూ మొహం కూడా చూడలేదు.

డొలీనా గుండె నిండింది. ఏడుపో సంతోషమో తెలీలేదు. హ్యూ పోయాక మొదటిసారి ఊపిరి పూర్తిగా లోపలికి వెళ్ళింది. ఏమైనా కానీ, పడవ లేకపోతే పోనీ, ఈ మనిషితో ఏ ఒడ్డునైనా బతకొచ్చు అనుకుంది. నడవలోనే మొగుడి చెయ్యి పట్టుకుంది. ఆ చెయ్యి చల్లగా ఉంది. తిరిగి పట్టుకోలేదు.

బయట స్మశానం గోడ దగ్గర జట్టు గుంపుగా నిలబడింది. ముందు ముసలాయన.

"నీ సామాను రేపు పొద్దున గట్టు మీద పెట్టిస్తా," అన్నాడు కొడుకుతో.

"సరే నాన్నా."

"సరే అంటున్నాడు చూడండర్రా! దేవుడి ముందు పెద్ద మగాడయ్యాడు. ఊరందరి ముందూ అరిచాడు. పెళ్ళాం మురిసిపోతోంది." ముసలాయన ఒక అడుగు ముందుకొచ్చాడు. "పొద్దున నా మీద వేసుకున్నా. కన్నకొడుకు కాబట్టి వేసుకున్నా. నా పడవనీ నా జట్టునీ కాదన్నాక నీ బరువు నేనెందుకు మొయ్యాలిరా?"

"వద్దయ్యా," ఎల్స్పెట్ మొగుడి చొక్కా పట్టుకుంది. "నీకు దణ్ణం పెడతా, వద్దు."

"అడగవే పిల్లా. చుక్కాని ఎవరి చేతిలో ఉందో అడుగు. నేను కింద గదిలో నిద్రపోతున్నా. లేచి పైకొచ్చేసరికి పడవ తిరిగిపోయింది. గొంతు వెనకపడిపోయింది."

జట్టులో ఎవరూ తలెత్తలేదు. ఎర్ర జాక్ గోడ వైపు తిరిగిపోయాడు.

డొలీనా మొగుణ్ణి చూసింది. అతని చేతుల్లో పసివాడు ఏడుపు మాని టోపీ తాడు చప్పరిస్తున్నాడు.

అడగాల్సినవి చాలా ఉన్నాయి. ఆమె ఒక్కటే అడిగింది.

"గొంతు గుర్తుపట్టావా?"

మన పెళ్ళిలో తెల్లారేదాకా వాడితో కలిసి ఆడావు. మొదటివాడు పుట్టినప్పుడు భుజం మీద చెయ్యేసుకుని పాడారు ఇద్దరూ. ఇవన్నీ ఆమె పైకి అనలేదు.

"దేవుడి ముందు నిలబడ్డావు ఇప్పుడే," అంది. "గుర్తుపట్టావా అలిక్?"

"పట్టాను," అన్నాడు అలిక్. "పట్టేలోపే చేతులు తిప్పేశాయి డోలీ. పట్టాక కూడా... మళ్ళీ తిప్పలేదు."

ఎల్స్పెట్ సమాధి రాయి మీద కూలబడింది.

"బిడ్డని ఇలా ఇవ్వు," అంది డొలీనా.

అలిక్ ఇచ్చాడు. ఆమె శాలువ చుట్టూ కప్పి, పసివాడి తల తన మెడ కింద దోపుకుని నడిచింది. ఇంటికి పోయే మలుపు వచ్చింది. తిరగలేదు. నేరుగా రేవులోకి దిగింది.

"పిల్లా, ఎక్కడికే?" వెనకనుంచి ఎల్స్పెట్ అరిచింది. "ఆదివారమే ఇవాళ! ఏ పడవా కదలదు!"

ఆ సంగతి డొలీనాకీ తెలుసు. అవతలొడ్డు మబ్బులో సన్నటి గీతలా కనిపిస్తోంది. గట్టు చివరి రాయి దాకా వెళ్ళి నిలబడింది. పక్కన కట్టేసి ఉన్నది మావగారి పడవే. దాని తాడు ముడి మీద చెయ్యి వేసింది.